16 గేజ్ రేకు అంటే 1.5 ఎంఎమ్మా, 1.6 ఎంఎమ్మా? చార్టుకో లెక్క ఎందుకుంది?

1 · ప్యానెల్_షాపు

అందరికీ నమస్తే. అమెరికా కస్టమరు పంపిన ఎన్‌క్లోజర్ డ్రాయింగులో మెటీరియల్ మూడు రకాలుగా ఉంది. బాడీకి 16 గేజ్ సీఆర్ (కోల్డ్ రోల్డ్) స్టీలు, ముందు డోరుకి 16 గేజ్ ఎస్‌ఎస్ (స్టెయిన్‌లెస్ స్టీలు) 304, లోపలి ట్రేకి 16 గేజ్ అల్యూమినియం 5052. ఎంఎంలో గానీ అంగుళాల్లో గానీ మందం ఎక్కడా రాయలేదు. షాపు గోడ మీది చార్టు 16 గేజ్ అంటే 1.626 అంటుంది. డీలరు 1.6 అంటాడు. నెట్‌లో చూస్తే ఒకచోట 1.519, ఇంకోచోట 1.29.

వీటిలో ఏది పట్టుకోవాలి? మూడింటికీ 1.6 రేకే కోసేస్తే వచ్చే ఇబ్బందేంటి? బాక్సుకి ఒక దిశలో నాలుగు బెండ్లు వస్తాయి, లోపల 19 అంగుళాల ర్యాకు కూర్చోవాలి.

2 · మైక్రోమీటర్_క్యూసీ

మీరు చూసిన అంకెలన్నీ కరెక్టే. కాకపోతే అవి వేర్వేరు పట్టికల్లోవి. గోడ మీదున్నది బ్రిటిష్ వాళ్ల స్టాండర్డ్ వైర్ గేజ్, అంటే ఎస్‌డబ్ల్యూజీ. బ్రిటన్‌లో అది 1884లో చట్టబద్ధమైంది, మన దగ్గరికి అక్కడి నుంచే వచ్చింది. అమెరికా షాపుల్లో లోహం మారితే పట్టికా మారుతుంది. పోల్చుకోడానికి కింద ఇస్తున్నా, అంకెలన్నీ ఎంఎంలో. జీఐ అంటే జింకు పూత వేసిన స్టీలు.

| గేజ్ | ఎస్‌డబ్ల్యూజీ | అమెరికా స్టీలు | అమెరికా జీఐ | అమెరికా ఎస్‌ఎస్ | అల్యూమినియం |
|---|---|---|---|---|---|
| 12 | 2.642 | 2.657 | 2.753 | 2.778 | 2.053 |
| 14 | 2.032 | 1.897 | 1.994 | 1.984 | 1.628 |
| 16 | 1.626 | 1.519 | 1.613 | 1.588 | 1.290 |
| 18 | 1.219 | 1.214 | 1.311 | 1.270 | 1.024 |
| 20 | 0.914 | 0.912 | 1.006 | 0.953 | 0.813 |
| 22 | 0.711 | 0.759 | 0.853 | 0.794 | 0.643 |
| 24 | 0.559 | 0.607 | 0.701 | 0.635 | 0.511 |

18, 20 వరసలు చూడండి. మామూలు స్టీలుకి బ్రిటిష్ లెక్కా అమెరికా లెక్కా దాదాపు ఒకటే. రోజూ 18, 20 గేజ్ రేకుతోనే పని చేసేవాళ్లకి రెండు చార్టులూ ఒకటే అనిపించడానికి కారణం అదే. 16, 14 దగ్గరకి వచ్చాక తేడా బయటపడుతుంది. అంతకంటే తిరకాసు 22 దగ్గర: అక్కడ అమెరికా రేకే మందం ఎక్కువ.

అమెరికాలో స్టీలుకీ ఎస్‌ఎస్‌కీ తేడా ఎందుకొచ్చిందంటే, 1893లో వాళ్లు చేసిన చట్టం గేజ్‌ని బరువుతో కట్టింది. 16 గేజ్ అంటే చదరపు అడుగుకి రెండున్నర పౌండ్లు. అప్పటి లెక్క చేత ఇనుముది, అంగుళం మందానికి చదరపు అడుగు 40 పౌండ్లు. 2.5ని 40తో భాగిస్తే 0.0625 అంగుళం, అంటే 1.588 ఎంఎం. తర్వాత స్టీలు రేకుకి 41.82 పౌండ్లు పట్టుకున్నారు, దాంతో అదే 16 గేజ్ 0.0598కి దిగింది. ఎస్‌ఎస్ మాత్రం పాత అంకె దగ్గరే ఉండిపోయింది. అల్యూమినియంకి వాడేది రాగి తీగల ఏడబ్ల్యూజీ పట్టిక, దానికి బరువుతో సంబంధం లేదు.

కాబట్టి మీ డ్రాయింగులో బాడీ 1.52, డోరు 1.59, ట్రే 1.29 అయ్యే అవకాశం ఎక్కువ. అలాగని మీరే అనుకుని కోయొద్దు, కస్టమర్ని అడిగి రాతలో తెచ్చుకోండి.

3 · బెండింగ్_బాబాయ్

మూడింటికీ 1.6 కొడితే ఏమవుతుందో లెక్కతో చెప్తా, చూడు తమ్ముడూ.

12 వీ డై (12 ఎంఎం వెడల్పు వీ గాడి ఉన్న అచ్చు) మీద ఎయిర్ బెండింగ్ అనుకుందాం, అంటే పంచ్ రేకుని గాడి అడుగుదాకా నొక్కకుండా వంచడం. మైల్డ్ స్టీలుకి లోపలి రేడియస్ వీ వెడల్పులో ఆరో వంతు దగ్గర పడుతుంది, 1.9 అనుకో. కె ఫ్యాక్టరు (వంపులో సాగని, కుదించుకోని పొర లోపలి ముఖం నుంచి మందంలో ఎంత వంతు దూరంలో ఉందనేది) 0.40 వేసుకో. 90 డిగ్రీల బెండుకి బెండ్ డిడక్షన్, అంటే బయటి కొలతల మొత్తంలోంచి తీసేయాల్సిన ఎంఎంలు:

1.6 రేకుకి 3.01
1.5 రేకుకి 2.87
1.29 రేకుకి 2.58

ఫ్లాట్ ప్యాటర్న్‌ని (వంచకముందు కోసే చదును ఆకారం) 1.6కి తీసి, మెషిన్ మీదకి 1.5 రేకు ఎక్కిస్తే బెండుకి 0.14 చొప్పున నాలుగు బెండ్లకి అర ఎంఎం పైన తరుగుతుంది. ట్రేకి 1.29 ఎక్కిస్తే 1.7 ఎంఎం పోతుంది. ఆ తరుగు అన్ని వైపులా సమానంగా పంచుకుంటుందనుకోకు. బ్యాక్‌గేజ్‌కి (రేకు ఆనించే వెనక ఆపు) ఏ అంచు ఆనించి వంచుకుంటూ వచ్చావో దాన్నిబట్టి మొత్తం చివరి ఫ్లాంజి మీదకి తోసుకొస్తుంది. డోరు మూయబోతే ఒక మూల పట్టేస్తుంది, ఎదురు మూల తెరుచుకుంటుంది. జనం హింజి వంకరుందని హింజిని కొడుతుంటారు.

కోణం సంగతి వేరే. ఎయిర్ బెండింగ్‌లో పంచ్ ఎంత లోతుకి దిగుతుందనేదే కోణం. ప్రోగ్రాం మార్చకుండా 0.1 మందం ఎక్కువున్న రేకు పెడితే 12 వీ డైలో సుమారు ఒక డిగ్రీ ఎక్కువ మూసుకుంటుంది. పల్చటిది పెడితే తెరుచుకుంటుంది. ఒకే బండిల్లో రెండు కాయిళ్ల రేకు కలిస్తే బాక్సుకో కోణం వచ్చేది ఇందుకే.

టన్నేజీ మందం వర్గాన్నిబట్టి పెరుగుతుంది. మీటరు పొడవుకి కిలోన్యూటన్లలో కావాలంటే 650ని మందం వర్గంతో గుణించి వీ వెడల్పుతో భాగించు. 1.6, 12 వీ అయితే 139, అంటే 14 టన్నులు. అదే డైలో 2 ఎంఎం పెట్టావంటే 22 టన్నులు. ఎస్‌ఎస్‌కి దీనికి ఒకటిన్నర రెట్లు వేసుకో.

4 · డక్టుమ్యాన్_బెజవాడ

పై పట్టికలో మన దేశం లెక్క లేదు సార్. మన మార్కెట్లో గేజ్ అన్నది ఇప్పుడు బ్రిటిష్‌దీ కాదు, అమెరికాదీ కాదు. ఎంఎం సైజులకి పెట్టుకున్న ముద్దుపేరు, అంతే. ఏసీ డక్టుల టెండరు ఏది తీసినా ఇలాగే ఉంటుంది: 24 గేజ్ 0.63, 22 గేజ్ 0.80, 20 గేజ్ 1.00, 18 గేజ్ 1.25. ఐఎస్ 655 (భారత ప్రమాణం) ప్రకారం చేసే డక్టులకి ఇదే వాడుక. ఎస్‌డబ్ల్యూజీ చార్టులో చూస్తే 24 గేజ్ 0.559 మాత్రమే. అంటే చార్టు పట్టుకుని 0.55 రేకు దింపేవాడు టెండరులోని 24 గేజ్ ఇవ్వనట్టే. సైట్ ఇంజనీరు మైక్రోమీటర్ పెట్టి 0.63 ఏదీ అంటే గోడ మీది చార్టు చూపిస్తే పని జరగదు.

0.63, 0.80, 1.00, 1.25, 1.60, 2.00, 2.50, 3.15. ఈ వింత అంకెలు ఎక్కడివి అని కొత్తవాళ్లు అడుగుతుంటారు. ఒక్కోటీ ముందుదానికి సుమారు 1.26 రెట్లు, పది మెట్లెక్కితే పదింతలు అవుతుంది. రెనార్ వరస అంటారు. మెట్రిక్‌లోకి మారినప్పుడు సైజులు ఇలా పేర్చారు. డీలర్ల దగ్గర 0.63 దొరక్క 0.6 ఇస్తామంటే, టెండరులో టాలరెన్స్ (అనుమతించే తేడా) ఎంత ఉందో చూసుకున్నాకే ఒప్పుకోండి.

అమెరికా డక్టు డ్రాయింగులో 24 గేజ్ అని ఉంటే అది జీఐ కాలమ్‌లో 0.701 నామినల్ (పేరుకి చెప్పే మందం). వాళ్ల పట్టికలోనే కనిష్ఠం 0.599 అని కూడా ఉంటుంది. మన 0.63 ఆ కనిష్ఠం దాటుతుంది, నామినల్‌ని మాత్రం అందుకోదు. ఏది అడుగుతున్నారో ముందే తేల్చుకోవాలి.

5 · పాత_రేకుల_కొట్టు

ఇంత గొడవెందుకండీ. ముప్పై ఏళ్లుగా ఈ లైన్లో అందరూ గేజ్ మీదే మాట్లాడుతున్నారు. గ్రిల్లుకి, బీరువాకి, కూలర్ బాడీకి 20 గేజ్ అంటే 20 గేజే, ఇచ్చేవాడికీ తెలుసు తీసుకునేవాడికీ తెలుసు. రాడ్డుని ఇప్పటికీ సూత్‌ల్లో (అంగుళంలో ఎనిమిదో వంతు) అడుగుతారు, మూడు సూత్ అంటే 10 ఎంఎం ఇస్తున్నాం, ఎవరికీ నష్టం రాలేదు.

6 · మైక్రోమీటర్_క్యూసీ

బీరువా వరకూ మీ మాట కాదనను. రేకు 0.9 అయినా 0.8 అయినా తలుపు పడుతుంది. కానీ నష్టం లేదన్న మాటతోనే పేచీ. 16 గేజ్ అని చెప్పి 1.2 గోడ మందం ఉన్న చదరపు పైపు అమ్మడం ఎంత మామూలైపోయిందో మీకు తెలియంది కాదు. ఒక అంగుళం చదరం, 20 అడుగుల పైపు తీసుకోండి. మూలల గుండ్రం పక్కన పెడితే 1.6కి 7.2 కిలోల దగ్గర రావాలి, 1.2కి 5.5 దగ్గరే ఆగుతుంది. బిల్లు కాటా మీద వేసి కిలోల్లో రాస్తే కొనేవాడికి డబ్బు నష్టం ఉండదు. అదే పైపుల లెక్కన అమ్మితే నాలుగో వంతు ఇనుము గాలిలో కలిసిపోయినట్టు. గేటు కట్టేవాడు వెల్డింగ్ కరెంటు 1.6కి పెట్టుకుంటే పైపుకి బొక్క పడేదీ అప్పుడే.

7 · కొత్త_ఫిట్టర్

అన్నా, నాదొక డౌటు. షేరింగ్ నుంచి వచ్చిన ముక్క అంచుని వెర్నియర్‌తో పట్టి చూస్తే 1.72 వచ్చింది. అదే ముక్కని సూపర్‌వైజరు మైక్రోమీటర్‌తో చూసి 1.56 అన్నారు. మైక్రోమీటర్‌తో నేను చూస్తే 1.08 వచ్చింది. మూడు రకాలుగా ఎలా వస్తుంది?

8 · మైక్రోమీటర్_క్యూసీ

తమ్ముడూ, మూడింటికీ కారణాలు వేరు.

వెర్నియర్ 1.72 చూపింది బర్ర్ వల్ల. షేరింగ్ మెషిన్ కోసిన అంచు ఒక వైపు గుండ్రంగా కిందకి జారుతుంది, రెండో వైపు ముల్లులాగా లేస్తుంది. ఆ ముల్లుతో కలిపి పట్టేశావు. బ్లేడు మొద్దుబారినా, బ్లేడ్ల మధ్య సందు ఎక్కువైనా బర్ర్ పెరుగుతుంది. మైల్డ్ స్టీలుకి ఆ సందు మందంలో 5 నుంచి 10 శాతం ఉండాలి, 1.6 రేకుకి 0.08 నుంచి 0.16. పైగా వెర్నియర్ దవడల్లో ఒత్తిడిని అదుపు చేసే ఏర్పాటు ఉండదు, కొంచెం వంకరగా పట్టినా అంకె మారిపోతుంది. లీస్ట్ కౌంట్ (కొలవగల కనిష్ఠం) 0.02 ఉన్న దానితో అర ఎంఎం రేకు కొలిస్తే ఒక్క గీత తేడాకే 4 శాతం పోతుంది. డిజిటల్ కాలిపర్ తెర మీద 0.01 కనిపిస్తుంది కదా అని నమ్మొద్దు, అది అంత కచ్చితంగా కొలుస్తుందని కాదు.

నీకు 1.08 రావడానికి కారణం అర ఎంఎం గీత వదిలేయడం. 0–25 మైక్రోమీటర్ థింబుల్ ఒక చుట్టు తిరిగితే 0.5 ఎంఎం, థింబుల్ మీద 50 గీతలు, ఒక్కో గీత 0.01. స్లీవ్ మీద గీతకి ఒక పక్క పూర్తి ఎంఎంలు, రెండో పక్క అరలు. నీ ముక్కకి 1 దాటింది, దాని తర్వాతి అర గీత కూడా బయటపడింది, థింబుల్ మీద 8. అంటే 1 + 0.5 + 0.08 = 1.58. అర గీత చూడకపోతే 1.08 అవుతుంది. మరి సూపర్‌వైజరు 1.56 ఎందుకన్నాడు? రేకు లేకుండా మూసి చూడు. ఆ మైక్రోమీటర్ సున్నా దగ్గర ఆగకుండా 0.02 చూపిస్తుండాలి. చదివిన దాంట్లోంచి అది తీసేయాలి.

కొలిచే పద్ధతి ఇదీ. ముందు రెండు ముఖాలూ గుడ్డతో తుడువు. ఒక చిన్న ఇనుప రజను చాలు, 0.03 పెంచేస్తుంది. సున్నా చూడు. రేకు అంచు నుంచి కనీసం 25, వీలైతే 40 ఎంఎం లోపలికి వెళ్లి పట్టు. అంచు దగ్గర బర్ర్ ఒక్కటే కాదు, మిల్లులో రోలింగ్ అయినప్పుడే రేకు అంచుల వైపు పల్చబడి మధ్యలో కాస్త మందంగా ఉంటుంది. థింబుల్‌ని పట్టుకుని బిగించకు, వెనక ర్యాచెట్‌ని తిప్పు, రెండు మూడు సార్లు టకటక అన్నాక చదువు. రెండు పక్కలా, మధ్యలో కనీసం నాలుగు చోట్ల చూసి కనిష్ఠం, గరిష్ఠం రెండూ రాసుకో. సగటు ఒక్కటే రాస్తే బెండింగ్‌లో వచ్చే కోణం తేడా ఎందుకో తర్వాత ఎవరికీ అర్థం కాదు.

ఎస్‌ఎస్ రేకు మీద ప్లాస్టిక్ ఫిల్ము ఉంటే ఒక మూల ఒలిచి కొలువు. ఫిల్ము 50 నుంచి 80 మైక్రాన్లు ఉంటుంది. 1.5 రేకు రెండు వైపులా ఫిల్ముతో 1.6 అయిపోయి ఇన్‌స్పెక్షన్ పాసవుతుంది.

గేజ్ ప్లేటు, అదే గుండ్రటి చక్రం, వాడితే ఇంకో సంగతి. రేకు దూరాల్సింది అంచున ఉన్న సన్న సందులో, దాని లోపల ఉన్న గుండ్రటి రంధ్రంలో కాదు. ఆ రంధ్రం రేకు బయటికి తీయడానికి. చక్రం మీద ఏ గేజ్ అని రాసుందో కూడా చూడు, బజారులో బ్రిటిష్ చక్రాలూ ఉన్నాయి, అమెరికావీ ఉన్నాయి.

9 · లోడింగ్_అన్‌లోడింగ్

మైక్రోమీటర్ లేని చోట కాటాయే దిక్కు. ఎనిమిది నాలుగు (అడుగుల) రేకు ఎంఎంకి 23.3 కిలోలు. తూకాన్ని 23.3తో భాగిస్తే మందం వచ్చేస్తుంది. నిన్న దిగిన రేకు 36.8 కిలోలుంది, 1.58 వచ్చింది. 1.6 కింద తీసేసుకోవచ్చు.

10 · బెండింగ్_బాబాయ్

ఆగు ఆగు. రేకు నిజంగా ఎనిమిది నాలుగేనా, 1250 × 2500ఆ? టేపు పెట్టావా?

11 · లోడింగ్_అన్‌లోడింగ్

1250 × 2500. రెండూ ఒకటే కదా బాబాయ్, అందరూ ఎనిమిది నాలుగనే అంటారు.

12 · బెండింగ్_బాబాయ్

ఆ మాటే కొంప ముంచేది. ఎనిమిది నాలుగు అంటే 2438 × 1219, వైశాల్యం 2.973 చదరపు మీటర్లు. 1250 × 2500 అంటే 3.125. చదరపు మీటరుకి ఎంఎం మందానికి స్టీలు 7.85 కిలోలు. కాబట్టి మొదటిది ఎంఎంకి 23.34 కిలోలు, రెండోది 24.53. నీ 36.8ని 24.53తో భాగించు, 1.50 వస్తుంది. 1.5 రేకుని 1.6 అని తీసుకున్నావు. వైశాల్యం తప్పు పడితే మందం ఎంత అందంగా సరిపోతుందో చూడు.

సూత్రం ఇది, గోడ మీద రాసుకో: కిలోలు = పొడవు మీటర్లలో × వెడల్పు మీటర్లలో × మందం ఎంఎంలో × 7.85. ఎస్‌ఎస్ 304కి 7.93, అల్యూమినియంకి 2.7. చదరపు అడుగుల్లో కావాలంటే స్టీలు ఎంఎంకి 0.729 కిలోలు. టేపుతో పొడవు, వెడల్పు కొలవకుండా ఈ లెక్క మొదలుపెట్టకు.

పది రేకులు కలిపి తూచితే కాటా తప్పు తగ్గుతుంది, నిజమే. కానీ 1.45, 1.55 కలిసిన బండిల్ కూడా 1.50 చూపిస్తుంది.

చెకర్డ్ ప్లేటుకి ఈ సూత్రం నేరుగా పనికిరాదు. దాని మందం అంటే పైన లేచిన పువ్వు కాకుండా కింది పలక మందం, తూకంలో మాత్రం పువ్వు కూడా ఉంటుంది.

13 · డక్టుమ్యాన్_బెజవాడ

జీఐకీ కలరు రేకుకీ తూకం లెక్కలో ఇంకో మెలిక ఉంది. జీఎస్‌ఎం అనేది రెండు వైపులా కలిపిన జింకు బరువు, చదరపు మీటరుకి గ్రాముల్లో. జింకు సాంద్రత 7.14. 120 జీఎస్‌ఎం అంటే రెండు వైపులా కలిపి 17 మైక్రాన్లు. 275 అయితే 38 మైక్రాన్ల పైచిలుకు, వైపుకి 19. అమెరికా వాళ్ల జీ 90 అంటే ఈ 275ఏ. 0.80 జీఐ రేకు 120 జీఎస్‌ఎంతో తూచినా వట్టి స్టీలు 0.80 తూచినా చదరపు మీటరుకి 6.27, 6.28 కిలోలు. జింకూ ఇనుమూ సాంద్రతలో దగ్గర కాబట్టి తేడా తెలీదు. జింకు తక్కువ వేసినవాడు కాటా మీద దొరకడు.

అల్యూమినియం–జింకు పూత ఉన్న రూఫింగ్ రేకు అలా కాదు. ఆ పూత తేలిక. 150 జీఎస్‌ఎం వేస్తేనే రెండు వైపులా కలిపి 40 మైక్రాన్లు వస్తుంది. 0.50 రేకులో అసలు స్టీలు 0.46 మాత్రమే. దాని మీద రంగు పడ్డాక మొత్తం 0.50 అని అమ్మితే స్టీలు 0.43 దగ్గరకి దిగుతుంది. ఒకడు 0.50 మొత్తం మందం అని కోట్ చేస్తాడు, ఇంకొకడు 0.50 బేస్ మెటల్ అని చేస్తాడు. కిలో రేటు కాకుండా చదరపు అడుగు రేటు పోల్చేవాడు మొదటివాడే చవక అనుకుంటాడు. కొటేషన్ అడిగేటప్పుడు బేస్ మెటల్ మందం, పూత జీఎస్‌ఎం, రంగు మైక్రాన్లు మూడూ విడివిడిగా రాయించుకోవాలి.

పౌడర్ కోటింగ్ అయిన బాక్సు మందం కొలిచి పాస్ చేసేవాళ్లూ ఉన్నారు. పౌడరు వైపుకి 60 నుంచి 80 మైక్రాన్లు. 1.5 బాక్సు రెండు వైపులా కోటింగుతో 1.62 నుంచి 1.66 దాకా చూపిస్తుంది. కోటింగ్ మీటరుతో పూత చూసి తీసేయండి. జీఐ మీద వేసిన పౌడరైతే మీటరు జింకుని కూడా పూతలోనే కలిపి చూపిస్తుంది.

14 · కొత్త_ఫిట్టర్

అమెరికా డ్రాయింగుల్లో మిల్ అని ఉంటుంది, అది ఎంఎమ్మేనా అన్నా?

15 · ఒహాయో_ఫ్యాబ్

కానే కాదు. ఇక్కడ మిల్ అంటే అంగుళంలో వెయ్యో వంతు, 25.4 మైక్రాన్లు. మన లేత్ షాపుల్లో థౌ అనేది అదే. పౌడర్ కోటింగ్ 3 మిల్స్ అని ఉంటే 76 మైక్రాన్లు, 3 ఎంఎం కాదు.

ప్యానెల్_షాపు గారూ, ఇక్కడి షాపుల వైపు నుంచి ఒక మాట. డ్రాయింగులో గేజ్ రాసినవాడి మనసులో ఏ పట్టిక ఉందో చాలాసార్లు వాడికే తెలియదు. సాఫ్ట్‌వేర్‌లో డ్రాప్‌డౌన్ నుంచి ఎంచుకుని ఉంటాడు. అందుకే ప్రశ్న ఇలా వేయండి: దశాంశ అంగుళాల్లో మందం ఎంత, టాలరెన్స్ ఎంత, పూత కలిపా కలపకుండానా. మిల్లు టాలరెన్స్ చాలు అంటే సీఆర్‌కి ఏఎస్‌టీఎం (అమెరికా ప్రమాణాలు) ఏ 568, ఎస్‌ఎస్‌కి ఏ 480, అల్యూమినియంకి బీ 209 చూడాలి. మీ దగ్గర కొనేది ఐఎస్ 513 రేకు కాబట్టి రెండు పట్టికలూ పక్కపక్కన పెట్టి, ఏ వెడల్పుకి ఎంత అనుమతి ఉందో చూసి, తేడా ఉంటే ముందే చెప్పేయండి. టాలరెన్స్ రేకు వెడల్పుతో మారుతుంది, ఒకే అంకె అన్నిటికీ వేయకూడదు.

5052 ట్రే విషయంలో, ఇక్కడ స్టాకిస్టుల దగ్గర 16 గేజ్ 5052 అని అడిగితే చేతికొచ్చేది 0.050 అంగుళాల రేకు, 1.27. తర్వాతి సైజు 0.063, అంటే 1.6. మీ కస్టమరు ఈ రెంటిలో దేన్ని ఉద్దేశించాడో ఊహించకండి. బరువు తగ్గించడానికి వేసిన ట్రే అయితే ఆ తేడా అతనికి ముఖ్యం.

16 · లేజర్_కోత

మందం తేలాక కొలతల మార్పిడిలో కూడా జాగ్రత్త. అంగుళం అంటే సరిగ్గా 25.4, దాని వెనక ఇంకే దశాంశాలూ లేవు, 1959 నుంచి అంతర్జాతీయంగా ఇదే. ముందే 25 అనో 25.5 అనో చేసుకుని గుణించకండి. చివర్లో ఒకేసారి రౌండ్ చేయండి.

మీ ర్యాకే మంచి ఉదాహరణ. ఒక యూ (ర్యాకు ఎత్తు కొలిచే ప్రమాణం) 44.45 ఎంఎం. రంధ్రాల దూరాలు 15.875, 15.875, 12.7, మళ్లీ అదే వరస. ఎవరో 44.45ని 44.5 చేసి అదే దూరంతో వరసగా కాపీ కొట్టారనుకోండి. ఒక యూకి 0.05 అంటే ఎవరికీ పట్టదు. 42 యూ ర్యాకులో పై చివరికి వచ్చేసరికి 2.1 ఎంఎం జరిగిపోతుంది, కేజ్ నట్టు ఎక్కినా స్క్రూ ఎక్కదు. రంధ్రాలన్నీ ఒకే డేటం (ఆధార గీత) నుంచి పెట్టండి, ఒకదాని నుంచి ఒకటి కాదు. అడ్డంగా రంధ్రాల మధ్య 465.1, ముందు ప్యానెల్ వెడల్పు 482.6.

టాలరెన్స్ మార్చేటప్పుడు లోపలికే రౌండ్ చేయాలి. ±0.005 అంగుళం అంటే ±0.127. దాన్ని 0.13 అని రాస్తే కస్టమరు ఇవ్వని వెసులుబాటు మీరే తీసుకున్నట్టు. 0.12 రాయండి.

డీఎక్స్‌ఎఫ్ (కోత డ్రాయింగు) ఫైలు అంగుళాల్లో వచ్చి మన సాఫ్ట్‌వేర్ ఎంఎం అనుకుంటే పార్టు 25.4 రెట్లు చిన్నదవుతుంది. ఇది కంటికి కనబడుతుంది కాబట్టి పెద్ద ప్రమాదం కాదు. ప్రమాదమంతా సగం సగం మార్చిన ఫైళ్లతో: బయటి గీత ఎంఎంలోకి మార్చి, రంధ్రం వ్యాసాన్ని మాత్రం చేత్తో రౌండ్ చేసినవి. నెస్టింగ్‌కి (రేకు మీద పార్టులు పేర్చడానికి) ముందు డ్రాయింగులో తెలిసిన రెండు కొలతలు, ఒకటి పెద్దది ఒకటి చిన్నది, ఫైలులో కొలిచి చూడండి.

ఫ్లాట్ ప్యాటర్న్‌లో మందం ప్యారామీటర్ మార్చకుండా ఫైలు పేరులో మాత్రం 1.5 అని మార్చి పంపే డిజైనర్లు ఉన్నారు, వాళ్ల గురించి ఎంత తక్కువ మాట్లాడితే అంత మంచిది.

17 · ప్యానెల్_షాపు

కస్టమరు నుంచి జవాబు వచ్చింది. బాడీ 0.060 ±0.005 అంగుళం, డోరు 0.0625 ±0.005, ట్రే 0.050, మిల్లు టాలరెన్స్ చాలట. మందాలన్నీ పౌడర్ కోటింగ్‌కి ముందు. బాడీకి లోకల్‌లో 1.5, 1.6 రెండూ ఉన్నాయి. ఏది వేయమంటారు?

18 · మైక్రోమీటర్_క్యూసీ

0.055 నుంచి 0.065 అంటే 1.397 నుంచి 1.651. నామినల్ 1.524. పేరుకి 1.5, 1.6 రెండూ ఇందులో పడతాయి. కానీ 1.6 రేకు పై హద్దుకి 0.05 దూరంలోనే ఉంటుంది. మిల్లు కాస్త ప్లస్ వైపు వెళ్లి 1.66 వస్తే లాటు మొత్తం రిజెక్టు. 1.5కి కింద 0.10, పైన 0.15 చోటుంది. బాడీకి 1.5 తీసుకోండి. డోరుకి హద్దులు 1.461 నుంచి 1.714, నామినల్ 1.588, అక్కడ 1.6 ఎస్‌ఎస్ మధ్యలో కూర్చుంటుంది. అక్కడ 1.5 వేస్తే కింద మిగిలేది 0.04 మాత్రమే.

పీవోలో (కొనుగోలు ఆర్డరులో) గేజ్ అన్న మాటే రానీయకండి. ఇలా రాయండి: సీఆర్ రేకు, ఐఎస్ 513, మందం 1.50 ఎంఎం, అంగీకార హద్దులు 1.40–1.65, సైజు 1250 × 2500, ఒక్కో రేకు తూకం సుమారు 36.8 కిలోలు, మిల్లు టెస్ట్ సర్టిఫికెట్‌తో. తూకం రాస్తే దింపే చోటే కాటా మీద పట్టుకోవచ్చు. ట్రేకి మాత్రం 1.27 దొరక్కపోతే 1.2 వేస్తామని మీరే నిర్ణయించకండి, అది కస్టమరు సంతకం మీద జరగాలి.

19 · బెండింగ్_బాబాయ్

రేకు దిగాక నేనిచ్చిన 2.87ని అలాగే డ్రాయింగులో పెట్టేయకు తమ్ముడూ. అది కె ఫ్యాక్టరు 0.40 అనుకుని వేసిన అంకె. మీ పంచ్, మీ డై, ఈ లాటు రేకు చెప్పే అంకె వేరుగా ఉంటుంది. లేజర్‌లో సరిగ్గా 100 ఎంఎం పొడవు, 50 వెడల్పు ముక్కలు మూడు కోయించు. మధ్యలో 90కి వంచు, కోణమాపకంతో 90 వచ్చిందని చూసుకో, బయటి నుంచి రెండు కాళ్లూ కొలువు. ఒకటి 51.5, ఇంకోటి 51.3 వస్తే మొత్తం 102.8, అందులోంచి 100 తీసెయ్, బెండ్ డిడక్షన్ 2.8. మూడు ముక్కల్లో రెండు రేకు రోలింగ్ దిశకి అడ్డంగా, ఒకటి నిలువుగా తీయించు. ఎస్‌ఎస్ డోరుకీ అల్యూమినియం ట్రేకీ విడిగా చేయాలి, స్టీలు అంకె వాటికి పనికిరాదు. 5052ని మరీ పదును పంచ్‌తో వంచితే బెండు బయట చీలిక రావొచ్చు, ముక్క మీదే చూసుకో.